కూపశుల్కం అంటే నూతి పన్ను కాదు

కాకతీయుల పాఠం చదివిన వాళ్లందరికీ ఈ మాట ఎక్కడో ఒకచోట తగిలే ఉంటుంది. గణపతిదేవ చక్రవర్తి మోటుపల్లి రేవులో అభయ శాసనం వేయించాడు, విదేశీ వర్తకుల నుంచి కూపశుల్కం తప్ప వేరే సుంకాలేవీ తీసుకోనని ప్రకటించాడు. రెండు మార్కుల ప్రశ్న. జవాబు రాశాం, మార్కులు పడ్డాయి, మరిచిపోయాం. నేను ఈ బడిలో చదువుకుని, తర్వాత వేరే ఊళ్లలో ముప్పై ఏళ్లు సోషల్ చెప్పినవాణ్ణి. ఆ ముప్పై ఏళ్లలో ఈ మాటకు అర్థమేమిటని అడిగిన పిల్లలు పట్టుమని పది మంది ఉండరు. అడిగిన వాళ్లలో సగం మంది అడిగింది ఒకటే: "మాస్టారూ, నూతి మీద పన్నా?"

తప్పేం లేదు. కూపం అంటే నుయ్యే. కూపస్థ మండూకం అన్న మాట పిల్లలకి తెలుసు. కాని సముద్రపు రేవులో, గుర్రాలూ ఏనుగులూ కర్పూరమూ దిగే చోట, నూతి మీద పన్ను ఎందుకు? ఈ చిన్న సందేహాన్ని పట్టుకుని వెళితే ఒక రాజు ఏం వదులుకున్నాడో, ఏం ఉంచుకున్నాడో స్పష్టంగా తెలుస్తుంది. మన పాఠాల్లో ఆ విషయం కొంచెం తలకిందులుగా ఉందని నా అభిప్రాయం. సంఘం స్వర్ణోత్సవ సంచికకు ఏదైనా రాయమని మిత్రులు అడిగినప్పుడు, బడి జ్ఞాపకాలు రాసేవాళ్లు ఎలాగూ చాలామంది ఉంటారు కదా అని, నేను ఈ పాత బాకీ తీర్చుకుందామనుకున్నాను.

ముందు ఊరి సంగతి. మోటుపల్లి ఇప్పుడు బాపట్ల జిల్లా చినగంజాం మండలంలో ఉంది. మొన్నటిదాకా ప్రకాశం జిల్లా, అంతకు ముందు గుంటూరు జిల్లా. ఊరు కదల్లేదు, జిల్లాలే కదిలాయి. ఆ పక్కకు ఉప్పు కొఠార్లకో బంధువుల ఇళ్లకో వెళ్లిన వాళ్లు మనలో చాలామంది ఉన్నారు. ఒకప్పుడు ఇది తూర్పు తీరంలో పేరున్న రేవని ఇప్పుడు చూస్తే నమ్మబుద్ధి కాదు. శాసనాల్లో దీనికి దేశ్యుయ్యక్కొండపట్టణం అని మరో పేరు ఉంది. ఆ పేరులోనే ఊళ్లు తిరిగే దేశి వర్తకుల జాడా ఉంది, తమిళ వాసనా ఉంది. 13వ శతాబ్దం చివర ఈ తీరం మీదుగా వెళ్లిన మార్కో పోలో ఈ రాజ్యాన్ని ముత్ఫిలి అని రాశాడు. ఇక్కడి వజ్రాల గురించీ, సాలెగూడులాంటి సన్నని బట్టల గురించీ చెప్పాడు. రాజ్యం ఏలుతున్న రాణిని మెచ్చుకున్నాడు. ఆమె రుద్రమదేవే. ఆమె గణపతిదేవుడి కూతురైతే, ఆయన భార్య అనుకున్నాడు పాపం.

ఆ మోటుపల్లి వీరభద్రస్వామి గుడిలో ఒక రాతి స్తంభం మీద ఉంది మనం చెప్పుకుంటున్న శాసనం. శక సంవత్సరం 1166, క్రోధి. అంటే 1244-45. మొదట సంస్కృతంలో వంశ వర్ణన, తర్వాత తెలుగులో అసలు విషయం. రాజుల గొప్పలు సంస్కృతంలోనూ, డబ్బు లెక్కలు జనం మాటలోనూ ఉండటం ఆ కాలపు శాసనాల్లో మామూలే. గొప్పలు అర్థం కాకపోయినా ఫరవాలేదు, సుంకం ఎంతో అర్థం కాకపోతే కష్టం! ఈ శాసనాన్ని చదివి, ఆంగ్లానువాదంతో ఎపిగ్రాఫియా ఇండికా 12వ సంపుటంలో అచ్చు వేయించినవాడు హుల్ట్ష్ అనే జర్మన్ పండితుడు.

తెలుగు భాగంలో రాజు చెప్పిన సంగతి, మన మాటల్లో పెడితే, ఇది. ఒక దేశం నుంచి ఇంకో దేశానికి బయల్దేరిన ఓడలు గాలివానలో చిక్కి, పగిలి, ఒడ్డుకు కొట్టుకొస్తే, వెనకటి రాజులు వాటిలోని బంగారం, ఏనుగులు, గుర్రాలు, రత్నాలు మొదలైనవన్నీ బలవంతంగా లాగేసుకునేవాళ్లు. సొమ్ము ప్రాణం కన్నా తీపి అనుకుని సముద్రం మీద అంత సాహసం చేసి వచ్చినవాళ్ల మీద దయతో, కీర్తి కోసమూ ధర్మం కోసమూ, మేము నిర్ణయించిన సుంకం మాత్రం తీసుకుని మిగిలినదంతా వాళ్లకే వదిలేస్తున్నాం. ఆ సుంకం ఎగుమతి సరుకు మీదైనా దిగుమతి సరుకు మీదైనా ముప్పయ్యింట ఒక వంతు.

ఈ నాలుగు వాక్యాలూ ఇంకోసారి చదవండి. రాజు ఇక్కడ "పన్నులు తగ్గిస్తున్నాను" అనడం లేదు. పగిలిన ఓడ సరుకు మీద రాజుకు ఉందనుకున్న హక్కును వదులుకుంటున్నానంటున్నాడు. మన పాఠాల్లో "ఇతర పన్నులన్నీ రద్దు చేశాడు" అని ముగించేస్తే అసలు సంగతి జారిపోతుంది. వదులుకున్నది పన్ను కాదు, దోపిడి. ఉంచుకున్నది పన్ను. ఆ ఉంచుకున్న దాని పేరే మన కూపశుల్కం.

ఇప్పుడు మాటకు వద్దాం. రెండు ముక్కల్లో రెండోది తేలిక, ముందు దాన్ని చూద్దాం. శుల్కం సంస్కృతం. అమరకోశం ఈ మాటకు ఘట్టం వంటి చోట్ల చెల్లించవలసినది అని అర్థం చెబుతుంది. ఘట్టం అంటే రేవు, నది దాటే చోటు. ఈ శుల్కమే ప్రాకృతంలో నలిగి సుంక అయ్యింది. పాళీ గ్రంథాల్లోనూ సుంకమే. అక్కడి నుంచి మన సుంకం, సుంకం వసూలు చేసే సుంకరి, ఆ పని చేసిన వాళ్ల ఇంటిపేరుగా మిగిలిన సుంకర. మన బ్యాచ్‌లోనే ఆ ఇంటిపేరు వాళ్లు ఉన్నారు, ఈ వ్యాసం చదివి నామీద కోపం తెచ్చుకోరనే అనుకుంటాను. ఇక శుల్కం శుల్కంగానే ఉండిపోయి మనందరి నోళ్లలో నలిగిన చోటు ఒకటుంది. గురజాడవారి నాటకం పేరు. ఆడపిల్ల తండ్రికి ముట్టజెప్పే సొమ్మును కూడా సంస్కృతం శుల్కమనే అంది. రేవు దాటే సరుకుకీ, పెళ్లికూతురికీ ఒకే మాట! ఆ నాటకం ఎందుకు రాయవలసి వచ్చిందో ఆ ఒక్క మాటే చెబుతుంది.

సుంకం అంటే జనానికి ఎంత హడలో చెప్పడానికి సంస్కృతంలో ఘట్టకుటీ ప్రభాత న్యాయం అని ఒకటుంది. ఒక వర్తకుడు సుంకం ఎగ్గొడదామని చీకట్లో దొంగదారి పట్టాడు. రాత్రంతా అడవిలో తిరిగి తిరిగి దారి తప్పి, తెల్లవారే సరికి సరిగ్గా సుంకరి గుడిసె ముందుకే చేరాడు. పాపం ఎవరు? వర్తకుడా, సుంకరా? కథ చెప్పిన వాళ్ల జాలి మాత్రం వర్తకుడి మీదే ఉన్నట్టుంది.

మొదటి ముక్క కూప. దగ్గరే చిక్కు ఉంది. సంస్కృతంలో నుయ్యి అనే కూపం ఒకటైతే, ఓడకు సంబంధించిన కూపకం ఇంకొకటి. అమరకోశంలో నీళ్లకూ పడవలకూ సంబంధించిన మాటలన్నీ చేర్చిన వారివర్గంలో కూపకానికి పర్యాయపదంగా గుణవృక్షకం అని ఉంది. గుణం అంటే తాడు. తాళ్లు కట్టే చెట్టు, అంటే తెరచాప కొయ్య. నాకు గుణవృక్షకం అన్న మాట చాలా నచ్చుతుంది. ఓడ కొయ్యను దూరం నుంచి చూసి, ఆకుల్లేని, తాళ్లే తీగలైన చెట్టు అనుకున్న వాడెవడో తప్పకుండా సముద్రం చూసినవాడే. మన తీరంలో జాలర్లకు అది ఉత్త కొయ్య. తమిళంలో ఓడ కొయ్యను కూంబు అంటారు. సంగ సాహిత్యంలోనే ఈ మాట ఉంది. సంస్కృత కూపకానికీ ఈ కూంబుకీ చుట్టరికం ఉందనీ, మాట దక్షిణాది నుంచే సంస్కృతానికి వెళ్లిందనీ భాషాశాస్త్రవేత్తల్లో కొందరి అభిప్రాయం. ఓడల పని ఎక్కువగా చేసిన వాళ్ల మాటే అందరికీ వెళ్లడం సహజం కాబట్టి నాకూ అదే సబబుగా తోస్తుంది.

కాబట్టి కూపశుల్కం అన్నమాటను మాటగా విడదీస్తే కొయ్య సుంకం. రేవులో కొయ్య నిలిపిన ఓడ కట్టేది. నూతి పన్ను కాదు, ఓడ పన్ను. ఇక్కడితో ఆగిపోతే బాగానే ఉంటుంది, పిల్లలకు కూడా చెప్పడానికి సులువు. నేను కొన్నేళ్లు అలాగే చెప్పాను కూడా.

కాని ఈ సుంకానికి చరిత్ర పుస్తకాల్లో రెండు పేర్లు కనిపిస్తాయి. ఒకటి కూపశుల్కం. రెండోది క్లుప్త శుల్కం. హుల్ట్ష్ అనువాదంలో ఉన్నది కొయ్య సుంకం కాదు, "నిర్ణయించిన సుంకం" అనే అర్థమిచ్చే మాట. అది రెండో పేరుకు సరిపోతుంది. ఈ క్లుప్తం మనం "క్లుప్తంగా రాయుము" అనే ప్రశ్నపత్రంలోని క్లుప్తం కాదు సుమా. సంస్కృతంలో ఆ మాటకు ఏర్పరచినది, ఇంత అని ఖాయం చేసినది అని అర్థం. తెలుగులోకి వచ్చి కుదించినది అయ్యింది. ఖాయం చేసినది ఎలా కుదించినది అయ్యిందంటే, హద్దు పెట్టినది ఎప్పుడూ హద్దు లేని దానికన్నా చిన్నగానే కనిపిస్తుంది కదా, అందువల్ల అని నా ఊహ. ఏమైనా, క్లుప్త శుల్కం అని చదివి "కొంచెం పన్ను" అనుకుంటే, నూతి పన్ను అనుకున్నంత పొరపాటే.

రెండు పేర్లలో ఏది ఈ శాసనానికి అతుకుతుంది? నేను సుంకం వసూలు చేసే తీరును చూసి తేల్చుకుంటాను. కొయ్య సుంకమే అయితే అది ఓడ లెక్కన ఉండాలి. ఓడకింత, లేదా కొయ్యకింత. శాసనంలో ఉన్నది అలా కాదు. ముప్పయ్యింట ఒకటి అని సాధారణ రేటు చెప్పిన తర్వాత ఒక్కొక్క సరుకుకూ ఎంత కట్టాలో వరసగా చెక్కారు. మంచి గంధం, కర్పూరం, చీనా కర్పూరం, ముత్యాలు, పన్నీరు, దంతం, జవ్వాది, కర్పూర తైలం, రాగి, సీసం, పట్టు నూలు, పగడాలు, సుగంధ ద్రవ్యాలు, మిరియాలు, పట్టు బట్టలు, వక్కలు. కొన్నిటికి తూకం లెక్కన, కొన్నిటికి విలువ లెక్కన, పట్టు బట్టలకు మోపు లెక్కన. అంటే ఇది ఓడ మీద కాదు, సరుకు మీద, ముందే ఖాయం చేసి రాతి మీద రాసిన సుంకం. కనుక అర్థం వరకు నేను "నిర్ణయించిన సుంకం" వైపే ఉంటాను. కూపశుల్కం అన్న పేరు వాడుకలో స్థిరపడిపోయింది, పిల్లలు పరీక్షల్లో రాయాలి కాబట్టి ఉండనివ్వండి. కాని పక్కనే "ముందుగా నిర్ణయించిన రేవు సుంకం" అని ఒక్క వాక్యం చేరిస్తే పాఠం బతుకుతుంది.

ఆ జాబితా గురించి ఇంకో మాట. దాన్ని ధరల పట్టికలా చూడకండి. చీనా కర్పూరమూ పగడాలూ జవ్వాదీ ఒకే రాతి మీద ఉన్నాయంటే, ఆ రేవులో ఆ రోజుల్లో ఎన్ని భాషలు వినిపించి ఉంటాయో ఊహించండి. వీటిలో చాలా సరుకులు మన నేలలో పండేవి కావు, మన సముద్రంలో దొరికేవి కావు. ఎక్కడెక్కడి నుంచో వచ్చి, గంపల్లోనో బండ్ల మీదనో ఓరుగల్లుకు వెళ్లాయి. శాసనం ఏనుగులనూ గుర్రాలనూ ప్రత్యేకంగా చెప్పడం కూడా ఊరికే కాదు. గుర్రాలు లేనిదే ఆ కాలపు సైన్యం లేదు, మంచి గుర్రం మన దగ్గర పుట్టదు. గుర్రం ఓడ దిగాలి. ఓడ రావాలంటే ఓడవాడికి భయం పోవాలి. రాజు దయ, కీర్తి, ధర్మం అన్న మూడు కారణాలూ నిజమే కావచ్చు. నాలుగోది ఆయన రాతి మీద చెక్కించలేదు.

ముప్పయ్యింట ఒకటి ఎక్కువా తక్కువా? మూడు వందల మాడల సరుకు దిగితే పది మాడలు రాజుకు. ఇప్పటి లెక్కలో నూటికి మూడు రూపాయల ముప్పై మూడు పైసలు. కౌటిల్యుడి అర్థశాస్త్రం దిగుమతి సరుకుకు సాధారణంగా విలువలో ఐదో వంతు సుంకం చెబుతుంది, ఆ తర్వాత సరుకును బట్టి ఆరో వంతు నుంచి ఇరవై ఐదో వంతు దాకా రకరకాల రేట్లు చెబుతుంది. మోటుపల్లి రేటు ఆ జాబితాలోని అతి తక్కువ రేటు కంటే కూడా తక్కువ. రెండు వందల ఏళ్ల తర్వాత, 1442 ప్రాంతంలో, పారసీక రాయబారి అబ్దుర్ రజాక్ కాలికట్ రేవులో చూసింది నలభయ్యింట ఒకటి, అదీ సరుకు అమ్ముడైతేనే. అమ్ముడు కాకపోతే ఏమీ లేదు. ఆ లెక్కన కాలికట్ మనకన్నా ఒక మెట్టు పైన ఉంది. తెలుగువాళ్లం కాబట్టి మోటుపల్లినే గొప్ప అనాలని నేననను.

రేటు కన్నా పెద్ద సంగతి అది ముందే తెలియడం. ఓడ బయల్దేరేది గాలి చూసుకుని, ఏడాదికి ఒక రుతువులో. తిరిగి వెళ్లడానికి ఇంకో రుతువు దాకా ఆగాలి. అప్పు తెచ్చి సరుకు కొన్నవాడు అన్ని నెలల ముందు లెక్క వేసుకోవాలి. రేవుకు చేరాక అక్కడి అధికారి మనసు ఎలా ఉంటే అంత అంటే, లెక్క ఎక్కడ కుదురుతుంది? ఇంత అని రాతి మీద ఉంటే, ఎక్కడో ఉన్న వర్తకుడు కూడా ఇంటి దగ్గరే వేళ్ల మీద లెక్క పెట్టుకుంటాడు. "నిర్ణయించిన" అన్న మాటకున్న విలువంతా అదే. మన పూర్వ విద్యార్థుల్లో వ్యాపారాలు చేస్తున్నవాళ్లకు దీన్ని నేను విడమరిచి చెప్పనక్కర్లేదు.

ఇక పగిలిన ఓడల సంగతి. మన తీరం తుఫానుల తీరం. 1864 బందరు తుఫానులో సుమారు ముప్పై వేల మంది పోయారు. 1977 నవంబరు 19 దివిసీమ ఉప్పెన మనలో చాలామందికి కళ్లారా చూసిన సంగతో, ఇంట్లో పెద్దలు చెప్పగా విన్న సంగతో. గట్టి నేల మీదున్న ఊళ్లకే అలాగైతే, తెరచాప ఓడలో సముద్రం మధ్య ఉన్నవాడి గతేమిటి? వాడు ఎలాగో బతికి, ముక్కలైన ఓడతో ఒడ్డున పడితే, అప్పుడు ఒడ్డున నిలబడ్డవాడు "నీ సరుకు నాది" అంటే? గణపతిదేవుడి శాసనం ఆ క్షణం గురించి మాట్లాడుతోంది.

అలా అనడం ఒక్క మన తీరంలోనే ఉండేది కాదు. మార్కో పోలో మలబారు తీరంలో ఏళిమల ప్రాంతం గురించి రాస్తూ, వేరే చోటికి వెళ్లవలసిన ఓడ దారి తప్పి తమ రేవులోకి వస్తే అక్కడివాళ్లు దాన్ని పట్టుకునేవాళ్లని చెప్పాడు. నువ్వు పోవాలనుకున్నది వేరే చోటు, దేవుడు నిన్ను మా దగ్గరికి పంపాడు, కాబట్టి నీ సరుకు మాది అని వాళ్ల వాదన. 14వ శతాబ్దంలో వచ్చిన ఇబ్న్ బతూతా కూడా మలబారులో పగిలిన ఓడ సొమ్ము రాజుకే పోతుందనీ, కాలికట్‌లో మాత్రం యజమానులకే ఉంచుతారనీ రాశాడు. అందుకే ఆ రేవుకు జనం ఎక్కువగా వస్తారని ఆయన గమనించాడు. చూశారా, దయ చూపిన రేవే ఎదిగింది.

ఐరోపాలోనూ ఇదే కథ. ఇంగ్లాండులో ఒడ్డుకు కొట్టుకొచ్చిన ఓడ రాజుది. 1275 నాటి వెస్ట్‌మినిస్టర్ శాసనం దానికి ఒక హద్దు పెట్టింది. ఓడలో నుంచి ఒక మనిషి గాని, కుక్క గాని, పిల్లి గాని ప్రాణంతో బయటపడితే అది దిక్కులేని ఓడ కిందికి రాదు. సరుకును ఏడాది మీద ఒక రోజు దాకా భద్రపరచాలి, సొంతదారు వచ్చి రుజువు చేసుకుంటే ఇచ్చేయాలి. ఈ పిల్లి సంగతి చెబితే క్లాసులో పిల్లలు పగలబడి నవ్వేవాళ్లు. కాని ఆలోచిస్తే భయం వేస్తుంది. బతికినవాడు లేకపోతేనే సరుకు దక్కుతుందనే చట్టం ఉన్న చోట, ఒడ్డుకు ఈదుకొచ్చిన వాడికి చెయ్యి అందించేదెవరు? మన శాసనంలో అలాంటి షరతు లేదు. అదీ ఇంగ్లాండు చట్టానికి 31 ఏళ్ల ముందు. మన 1958 మర్చంట్ షిప్పింగ్ చట్టంలో కూడా పగిలిన ఓడ సొత్తుకు రిసీవర్ అనే అధికారి ఉండేవాడు. సొంతదారు ఏడాదిలోగా వచ్చి, తనదని రుజువు చేసుకుని, ఖర్చులు కడితే తిరిగి ఇవ్వాలి. ఖర్చులు కట్టి మిగతాది తీసుకెళ్లు అన్నది వినగానే నాకు మోటుపల్లి స్తంభమే గుర్తొస్తుంది.

అయితే గణపతిదేవుడే ఈ దయను కనిపెట్టాడని అనకూడదు. అర్థశాస్త్రంలో నావధ్యక్షుడి విధులు చెప్పే చోట, గాలికి దెబ్బతిన్న ఓడను తండ్రిలా ఆదుకోవాలని ఉంది. నీళ్లలో తడిసిన సరుకుకు సుంకం వదిలేయాలి, లేదా సగమే తీసుకోవాలి. ఈ ఒక్క విషయంలో మాత్రం కౌటిల్యుడు మన చక్రవర్తి కన్నా మెత్తగా ఉన్నాడు. మోటుపల్లిలో తడిసినా ఆరినా ముప్పయ్యింట ఒకటి కట్టాల్సిందే. చాణక్యుడంటే కఠినుడనుకునే వాళ్లకు ఇది చెప్పి చూడండి. ధర్మం పుస్తకంలో ఎప్పటినుంచో ఉందన్నమాట. వెనకటి రాజులు దాన్ని పాటించలేదని శాసనమే చెబుతోంది. పుస్తకంలో ఉన్న ధర్మాన్ని రేవులో, వచ్చేపోయే వాళ్లందరికీ కనబడేలా, ఫలానా రేటు అని అంకెలతో సహా రాతి మీద పెట్టించడమే ఇందులో కొత్త సంగతి.

మాట నిలబడిందా అన్నది తర్వాతి ప్రశ్న. కాకతీయ రాజ్యం 1323లో కూలింది. రేవు పాడుబడి, వర్తకులు చెదిరిపోతే, కొండవీటి రెడ్డి రాజు అనపోతారెడ్డి 1358లో అదే మోటుపల్లిలో మళ్లీ ఒక శాసనం వేయించాడు. ఈసారి తెలుగు, సంస్కృతంతో పాటు తమిళంలో కూడా. ఎవరు చదవాలో ఆయనకు తెలుసు. మోటుపల్లికి వచ్చి ఉండదలచిన వర్తకులకు భూమి, గౌరవం; ఎప్పుడు కావాలంటే అప్పుడు వెళ్లిపోయే స్వేచ్ఛ; సరుకు ఇష్టం వచ్చిన వాళ్లకు అమ్ముకునే స్వేచ్ఛ. వాటితో పాటు అపుత్రిక దండుగ రద్దు. కొడుకులు లేకుండా చనిపోయిన వాడి ఆస్తిని రాజు తీసుకునే పాత ఆనవాయితీని అపుత్రిక అనేవాళ్లు. పరదేశంలో వర్తకుడు చనిపోతే అతని పెట్టె ఎవరిదన్న ప్రశ్న ఇది. పగిలిన ఓడ మీద రాజు హక్కు వదులుకోవడం 1244లో జరిగితే, చనిపోయిన వర్తకుడి పెట్టె మీద హక్కు వదులుకోవడం 1358లో జరిగింది. రెండూ ఒకే దారిలో రెండు మెట్లు.

ఆ ధైర్యంతో ఎదిగిన వాళ్లలో ఒకరిని మనం సాహిత్యంలో చూస్తాం. శ్రీనాథుడు హరవిలాసం అంకితమిచ్చిన అవచి తిప్పయసెట్టి. అతని ఓడలు తెచ్చిన సరుకుల్లో సింహళం ఏనుగులు, హురుముంజి గుర్రాలు, భోటదేశపు కస్తూరి, చీనా పట్టు ఉన్నాయి. కప్పలి, జోంగు, వల్లి అని ఓడల రకాల పేర్లు కూడా కవి చెప్పాడు. కప్పలిలో తమిళ కప్పల్, జోంగులో తూర్పు సముద్రాల జంకు వినిపిస్తాయి. కవిత్వం కోసం కాకపోయినా, సరుకుల కోసం ఆ పీఠిక ఒకసారి చదవదగ్గది.

తర్వాత రేవు మెల్లగా మూతబడింది. వ్యాపారం బందరుకూ నిజాంపట్నానికీ మళ్లింది. 1611లో ఇంగ్లీషు ఈస్టిండియా కంపెనీ ఓడ గ్లోబ్ ఈ తీరానికి వచ్చింది. 1632లో గోల్కొండ సుల్తాను ఆ కంపెనీకి బంగారు ఫర్మానా ఇచ్చాడు. ఏడాదికి 500 వరహాలు కడితే చాలు, గోల్కొండ రేవుల్లో స్వేచ్ఛగా వ్యాపారం చేసుకోవచ్చు. ఇదీ ఒక నిర్ణయించిన సుంకమే. కాని ఎంత తేడా! మోటుపల్లిలో నిర్ణయించింది రేటును, అది వచ్చిన ప్రతివాడికీ ఒకటే. సరుకు పెరిగితే రాజుకు వచ్చేదీ పెరుగుతుంది. ఫర్మానాలో నిర్ణయించింది మొత్తాన్ని, అదీ ఒక్క కంపెనీకి. వాళ్ల సరుకు పదింతలైనా 500 వరహాలే. పక్కనే మన వర్తకుడు మామూలు సుంకం కడుతూ ఉండాలి. నిర్ణయించిన అన్న మాట ఒకటే అయినా, ఒకచోట అది అందరికీ అభయం, ఇంకోచోట ఒకరికి మాత్రమే వరం.

ఇవాళ మోటుపల్లిలో ఓడ కొయ్య కనబడదు. గుడి ఉంది, స్తంభం ఉంది. సమావేశానికి దూరం నుంచి వచ్చిన మిత్రులెవరైనా ఒక పూట అటు వెళదామంటే నేను సిద్ధం. కారు ఎవరిదైనా ఫరవాలేదు, పెట్రోలు ఖర్చులో ముప్పయ్యింట ఒక వంతు నాది.